సిరీస్ ఎస్‌లో 1994 నాటి ఆట: ఇప్పటివరకు జరిగిన పని
చిన్నప్పుడు కడప ఏడు రోడ్ల దగ్గర మా నాన్నతో పట్టుబట్టి కొనిపించుకున్న పసుపు రంగు వీడియో గేమ్ కేసెట్టు ఇప్పటికీ ఇంట్లో ఉంది. అందులోని ఆటలనే మైక్రోసాఫ్ట్ వారి గేమ్ కన్సోల్ అయిన ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌లోకి ఎక్కించాలని మొదట అనుకున్నాను. కంప్యూటర్ ప్రోగ్రామ్ ప్రతిని చట్టబద్ధంగా పొందినవారు అది పాడైపోతే పనికివచ్చేలా ఒక నకలు తీసి పెట్టుకోవడానికి 1957 కాపీరైట్ చట్టంలోని సెక్షన్ 52(1)(ఎఎ) అనుమతిస్తుంది గానీ, పైన ‘9999 ఇన్ 1’ అని అచ్చువేసిన నా కేసెట్టే దొంగ ప్రతి అయినప్పుడు ఆ వెసులుబాటు నాకు వర్తించదు. మా నాన్న ఇచ్చిన డబ్బులు నిజమైనవే, పాపం.

అందువల్ల హక్కుదారులే ఉచితంగా వదిలిన ఆటను వెతికి, రెవల్యూషన్ సాఫ్ట్‌వేర్ 1994లో తయారుచేసి 2003లో ఉచితం చేసిన ‘బినీత్ ఎ స్టీల్ స్కై’ని ఎంచుకున్నాను. పాత సాహస ఆటలను కొత్త యంత్రాల్లో నడిపించే స్కమ్‌విఎం అనే ప్రోగ్రామ్ వారి సైట్‌లోనే అది దొరుకుతుంది.

మొదటి ఆదివారం డెవలపర్ ఖాతా తెరిచి, కన్సోల్‌లోని డెవ్ మోడ్ (సొంత ప్రోగ్రాములు ఎక్కించుకునే డెవలపర్ల మోడ్) యాప్ చూపిన కోడ్‌ను అందులో నమోదు చేశాను. ఇది మైక్రోసాఫ్ట్ స్వయంగా ఇచ్చిన మార్గం కాబట్టి కన్సోల్ తాళాలు పగలగొట్టే పని లేదు. అయితే ఈ మోడ్‌లో ఉన్నంతసేపు కొనుక్కున్న మామూలు ఆటలు నడవవు, వాటి కోసం కన్సోల్‌ను రీస్టార్ట్ చేసి పాత మోడ్‌కు వెళ్లాలి. ల్యాప్‌టాప్ బ్రౌజర్‌లో కన్సోల్ ఐపీ చిరునామాకు 11443 పోర్టు జోడించి తెరిచి, రకరకాల పాత ఆటలను నడిపించే రెట్రోఆర్క్ అనే ప్రోగ్రామ్ ప్యాకేజీని దాని అనుబంధ ఫైళ్లతో సహా ఎక్కించాను. సగంలో కరెంటు పోవడంతో మళ్లీ మొదటి నుంచి చేయవలసి వచ్చింది.

అసలు తిప్పలు పెన్‌డ్రైవ్‌తో వచ్చాయి. ఎక్స్‌ఫ్యాట్ అనే ఫైల్ పద్ధతిలో ఫార్మాట్ చేసి పెడితే రెట్రోఆర్క్‌కు అందులో ఒక్క ఫైలూ కనబడలేదు. రెండు సాయంత్రాలు పోగొట్టుకున్నాక తెలిసింది ఏమిటంటే, డ్రైవ్ ఎన్‌టిఎఫ్‌ఎస్ అనే మరో పద్ధతిలో ఉండాలి, విండోస్‌లో దాని ప్రాపర్టీస్ తెరిచి సెక్యూరిటీ ట్యాబ్‌లో ‘ఆల్ అప్లికేషన్ ప్యాకేజెస్’ అనే పేరును చేర్చి ఫుల్ కంట్రోల్ ఇవ్వాలి. ఎక్స్‌ఫ్యాట్‌లో ఇలాంటి అనుమతులు నమోదయ్యే ఏర్పాటే లేదు.

డెవ్ మోడ్‌లో కనిపించే ముఖ్య తెర డెవ్ హోమ్‌లో రెట్రోఆర్క్ మొదట ‘యాప్’గా నమోదవుతుంది, వివరాల్లోకి వెళ్లి దాన్ని ‘గేమ్’గా మార్చితేనే కన్సోల్ మెమరీ ఎక్కువగా అందుతుంది. ఇంత పాత ఆటకు ఆ అవసరం లేకపోయినా మార్చి ఉంచాను. ఆట ఫోల్డర్‌లో స్కై డిఎన్‌ఆర్, స్కై డిఎస్‌కె ఫైళ్లతోపాటు స్కై సిపిటి కూడా తప్పక ఉండాలి. వాటి పక్కనే ‘స్కై’ అనే ఒక్క మాటను ఇంగ్లిషు అక్షరాల్లో రాసిన టెక్స్ట్ ఫైలును స్కమ్‌విఎం ఎక్స్‌టెన్షన్‌తో పెట్టి, రెట్రోఆర్క్‌లోని స్కమ్‌విఎంతో దాన్నే తెరిచాను.

నిన్న రాత్రి ఆట మొదలైంది. బాణం గుర్తు ఎడమ స్టిక్‌తో కదులుతోంది గానీ, చిన్న వస్తువుల మీద నిలపాలంటే చేతికి కాస్త అలవాటు కావాలి. ఆటలోని కథానాయకుడు ఫాస్టర్ మెట్ల దగ్గర వదులైన కడ్డీని ఊడబీకి తలుపు తెరిచాడు; అక్కడ సేవ్ చేసి, కన్సోల్‌ను మామూలు మోడ్‌కు మార్చి పడుకున్నాను.