నాన్న పొలంలో నా వాటా

తండ్రి పోతే ఆడపిల్లలు హక్కు విడుదల దస్తావేజు మీద సంతకం పెట్టి, చీరా సారె పట్టుకుని వెళ్లిపోవడం మా కృష్ణా జిల్లా పల్లెల్లో మామూలే. నాన్న పోయాక మా తమ్ముడూ ఆ కాగితమే రాయించాడు. నేను పెట్టనన్నాను.

నా పెళ్లి 1984లో, చెల్లి పెళ్లి 1988లో జరిగాయి. ఎన్టీఆర్ ప్రభుత్వం 1986లో తెచ్చిన సవరణ తాతల ఆస్తిలో కూతుళ్లకు సమాన వాటా ఇచ్చింది గానీ, 1985 సెప్టెంబరు 5కి ముందు పెళ్లైన వాళ్లను వదిలేసింది. ఒకే తండ్రి బిడ్డలం, దానికి హక్కుంది, నాకు లేదు! 2005లో కేంద్ర సవరణతో ఆ తేడా పోయింది. ఆ ఏడాదికి తండ్రి బతికి ఉన్నా లేకపోయినా కూతురికి పుట్టుకతోనే హక్కుందని 2020లో సుప్రీంకోర్టు తేల్చేసింది. లాయరుగారు ఇదంతా విడమరిచి చెప్పాక నాకు ధైర్యం వచ్చింది.

చట్టం కన్నా ఇంట్లో మాటలే కష్టం. "నీకు కట్నం ఇచ్చారు కదక్కా" అన్నాడు తమ్ముడు. "అది మా అత్తవారికిచ్చింది, నాకు కాదురా" అన్నాను. కొన్నాళ్లు ఫోన్లు లేవు. పుట్టింటి గడప తొక్కనివ్వరేమోనని రాత్రిళ్లు ఒకటే టెన్షన్. చివరికి మా మేనమామ కూర్చోబెట్టి మాట్లాడారు.

చనిపోయినవారి కుటుంబ సభ్యులెవరో చూపే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ దరఖాస్తులో మా అక్కాచెల్లెళ్ల పేర్లే లేవు. "పెళ్లిళ్లయిపోయాయిగా, మీ పేర్లెందుకమ్మా?" అని విచారణకు వచ్చినాయన అడిగాడు. నాన్న రేషన్ కార్డు పాతది, మా టెన్త్ సర్టిఫికెట్లు చూపించి పేర్లు రాయించాం. ఇది మాత్రం ఎవరూ తేలిగ్గా తీసుకోవద్దు. ఆ జాబితాలో పేరు లేకపోతే తర్వాత ప్రతి ఆఫీసులోనూ మొదటికొస్తుంది.

ఆపైన సర్వే, ఈసీ (ఆస్తి మీద అప్పులు, లావాదేవీలు చూపే పత్రం), భాగపంపిణీ దస్తావేజు చకచకా అయిపోయాయి. ఆ దస్తావేజులో ఎవరి భాగం వివరాలు వాళ్లకి విడిగా రాసే షెడ్యూళ్లలో ఎ తమ్ముడిది, బి నాది, సి చెల్లిది. నా షెడ్యూలులో "పడమర: పంట బోదె" అని హద్దు రాసి ఉంటే, వేలిముద్ర వేసేముందు రెండుసార్లు చదువుకున్నాను.

మ్యుటేషన్, అంటే రెవెన్యూ రికార్డుల్లో పేరు మార్పు, అయ్యాక నా పేరుతో పట్టాదారు పాస్‌బుక్ వచ్చింది. పొలం తమ్ముడే కౌలుకు చేస్తున్నాడు, ఎకరానికి ఎన్ని బస్తాలో కాగితం మీద రాసుకున్నాం.