మెట్ల మీద సాక్స్ పైకి లాక్కున్న మనిషి

మన బ్యాచ్ సంచికకి ఏదన్నా రాయమని మన గ్రూప్‌లో అడిగిన రోజు నుంచీ ఆలోచిస్తున్నా. హాస్టల్ గురించీ పరీక్షల గురించీ మీరంతా ఎలాగూ రాస్తారు, నాకు మాత్రం శనివారం సాయంత్రాలు సినిమా క్లబ్‌లో సార్ మనకి పరిచయం చేసిన ఒక నటుడి గురించే రాయాలనుంది. డ్వైట్ ఫ్రై. పేరు చెప్తే గుర్తు రాకపోవచ్చు గానీ డ్రాక్యులాలో ఈగల్ని తినే పిచ్చోడు అంటే మన బ్యాచ్‌లో ఎవరికైనా ఆ నవ్వు చెవుల్లో మోగుతుంది.

అసలు ఇది మొదలైంది వార్షికోత్సవం నాటకంతో. నాకు నౌకరు వేషం ఇచ్చారు, మొత్తం నాలుగు డైలాగులు. నేను ముఖం మాడ్చుకుని రిహార్సల్స్‌కి ఆలస్యంగా వెళ్ళేవాణ్ణి, సార్ ఒక్క మాట కూడా అనలేదు. ఆ శనివారం 1931 నాటి ఫ్రాంకెన్‌స్టైన్ వేశారు, వేసే ముందు తలా ఒక పాత్ర పంచారు. నాకు ఫ్రిట్జ్. డాక్టర్ దగ్గర పనిచేసే గూనివాడు. వాడు తెర మీద ఉన్నంతసేపూ వాణ్ణే చూడు, వేరే ఎవరినీ చూడకు, ఏం చేశాడో నోట్‌బుక్‌లో రాయి, అంతే అన్నారు.

చూస్తే ఏముంది, పెద్ద పాత్రేం కాదు. కానీ ఒకచోట గాలివాన రాత్రి గోపురం కింద ఎవరో తలుపు బాదుతుంటే ఫ్రిట్జ్ పొట్టి చేతికర్ర పట్టుకుని దిగొచ్చి, వెళ్ళిపొమ్మని కసిరి, గొణుక్కుంటూ మళ్ళీ మెట్లెక్కుతూ మధ్యలో ఆగుతాడు. ఆగి, జారిపోయిన సాక్స్ పైకి లాక్కుంటాడు. లాక్కుని మళ్ళీ ఎక్కుతాడు. కథకి దాంతో ఏ పనీ లేదు. పైన శవానికి ప్రాణం పోయబోతున్నారు, కరెంటు, ఉరుములు, యజమాని ఊగిపోతున్నాడు, వీడికేమో సాక్స్ జారింది. అది చూడగానే వీడు గూనివాడి వేషం కాదు, మనిషి, వీడికో కాలుంది, ఆ కాలికి చలేస్తుంది అనిపించింది నాకు. సార్ ఆ ముక్క మూడుసార్లు వెనక్కి తిప్పి వేశారు.

ఇంకోటి నేనే కనిపెట్టాను, అప్పట్లో దాని గురించి చాలా గర్వపడ్డాను కూడా. సినిమా మొదట్లో ఉరికంబం మీద వేలాడుతున్న శవాన్ని కిందికి దించడానికి యజమాని ఫ్రిట్జ్‌ని పైకి ఎక్కిస్తాడు, వాడు భయంతో వణుకుతూ ఎక్కి తాడు కోస్తాడు. ఆ శవానికి మెడ విరిగింది, మెదడు పనికిరాదు, అందుకే వైద్య కళాశాల నుంచి వేరేది ఎత్తుకురావాల్సి వస్తుంది, అక్కడ మంచి మెదడున్న జాడీ చేయిజారి పగిలిపోతే నేరస్థుడిది పట్టుకొస్తాడు. తర్వాత అలా ప్రాణం పోసి లేపిన రాక్షసుణ్ణి కాగడాతో పదే పదే భయపెడతాడు, చివరికి వాడి చేతిలో చస్తాడు. ఎలా అంటే వేలాడుతూ. మొదట ఉరితాడు కోసినవాడే వేలాడుతూ పోయాడు. అందరూ తన్నేవాడు తనకంటే నిస్సహాయుడు దొరికితే ఎలా ప్రవర్తిస్తాడో ఫ్రై ఆ కాగడా సీన్లో చూపించినంత బాగా తర్వాత వచ్చిన గూని సహాయకులెవరూ చూపించలేదని నా గట్టి నమ్మకం.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. చాలామంది ఈ పాత్రని ఇగోర్ అంటారు. కాదు. ఇగోర్ ఈ సిరీస్‌లో 1939లో వచ్చిన మూడో సినిమాలోవాడు, అది డ్రాక్యులాగా చేసిన బేలా లుగోసి వేశాడు, వాడిది గూని కాదు, విరిగి అతుక్కున్న మెడ. జనం బుర్రల్లో ఉన్న బొమ్మ ఫ్రై చేసింది, పేరు మాత్రం ఇంకొకరి పాత్రది. ఇది నాకు ఇప్పటికీ బాధగానే ఉంటుంది.

డ్రాక్యులా ఫ్రాంకెన్‌స్టైన్ కంటే ముందు, అదే 1931 ఫిబ్రవరిలో వచ్చింది. నా లెక్కలో ఆ సినిమా మొదటి భాగం ఫ్రైదే. నీటుగా సూట్ వేసుకుని, మర్యాదగా, కొంచెం బిడియంగా ట్రాన్సిల్వేనియా కోటకి కాగితాలు పట్టుకెళ్ళే రెన్‌ఫీల్డ్ (తర్వాత ఈగలు తినే పిచ్చోడయ్యేది వీడే), పేపర్ క్లిప్ గీరుకుని వేలిమీద చిన్న రక్తపు చుక్క వస్తే దాన్ని ఎంత మామూలుగా చూసుకుంటాడో గుర్తుందా? తర్వాత ఓడ. అందరూ చచ్చిపోయిన ఓడలో కింది గది తలుపు తెరిస్తే మెట్ల అడుగు నుంచి పైకి చూస్తూ నవ్వుతుంటాడు, నోరు పెద్దగా తెరవడు, పళ్ళ మధ్య నుంచి గొంతులోంచి వచ్చే ఆ నవ్వు. ముందు సీన్లలో అంత పద్ధతైన కుర్రాడిగా చేశాడు కాబట్టే అది అంత భయం వేస్తుంది, మొదటి నుంచీ పిచ్చోడిగా కనిపిస్తే మనకేం పోయింది చెప్పండి.

ఆ సినిమానే స్పానిష్‌లో కూడా తీశారు కదా, పగలు ఇంగ్లీషు యూనిట్, రాత్రి స్పానిష్ యూనిట్, అవే సెట్లు. సార్ రెండూ చూపించారు. స్పానిష్‌లో పాబ్లో ఆల్వారెజ్ రూబియో రెన్‌ఫీల్డ్‌గా గట్టిగా అరుస్తాడు, తన లెవెల్లో బాగానే చేశాడు. కెమెరా పనితనంలో స్పానిష్‌దే పైచెయ్యి అని క్లాసులో సగం మంది వాదించారు, నేనూ ఒప్పుకుంటా. కానీ రెన్‌ఫీల్డ్ విషయంలో మాత్రం అప్పుడూ ఇప్పుడూ నాది ఫ్రై పార్టీయే, ఆయన పిచ్చిలో మధ్యమధ్య సిగ్గు కనిపిస్తుంది, నన్ను ఇక్కణ్ణుంచి పంపించెయ్యండి అని పిచ్చాసుపత్రి డాక్టర్ని బతిమాలేటప్పుడు లోపల పాత మనిషి ఇంకా ఉన్నాడని తెలుస్తుంది.

ఆయన 1899లో కాన్సస్‌లోని సలైనాలో పుట్టాడు. 1920ల్లో న్యూయార్క్ నాటకరంగం బ్రాడ్‌వేలో మంచి పేరున్న నటుడు, కామెడీలు కూడా చేశాడు, ఇటలీ రచయిత పిరాండెల్లో నాటకం ‘సిక్స్ క్యారెక్టర్స్ ఇన్ సెర్చ్ ఆఫ్ యాన్ ఆథర్’ 1922లో న్యూయార్క్‌లో ఆడినప్పుడు అందులో కొడుకు వేషం ఆయనదే. 1926లో ఒక నాటకంలో లుగోసితో కలిసి నటించాడు కూడా, డ్రాక్యులాకి అయిదేళ్ళ ముందు. అంటే హాలీవుడ్‌కి వచ్చేటప్పటికి చేతిలో ఎంత విద్య ఉందో చూడండి. 1931లోనే మాల్టీస్ ఫాల్కన్ మొదటి వెర్షన్లో విల్మర్ అనే కుర్ర గూండాగా చేశాడు, 1941లో మళ్ళీ తీసిన సినిమా అంత పెద్దదైపోయేసరికి ఇది మరుగున పడిపోయింది.

ఆ తర్వాత మాత్రం ఎక్కువగా పిచ్చోడి వేషాలే. 1933లో ది వాంపైర్ బ్యాట్‌లో గబ్బిలాలంటే ఇష్టపడే అమాయకుడు. కామెడీ చేయాలని ఆయనకి ఉన్నా పెద్దగా అవకాశాలు రాలేదు. 1935లో బ్రైడ్ ఆఫ్ ఫ్రాంకెన్‌స్టైన్‌లో కార్ల్‌గా వచ్చాడు, అందులో కార్ల్ తన మామని చంపి నేరం రాక్షసుడి మీదకి నెట్టే ఉపకథ ఉండేది, రిలీజ్‌కి ముందు దాన్ని మొత్తం తీసేశారు. హీరోకి ఒక సీన్ పోతే సినిమాకి ఏం కాదు, సహాయ నటుడికి సీన్ పోతే వేషమే పోయినట్టు. 1939 సినిమాలో ఆయన ఉన్న భాగం అసలు తెరమీదకే రాలేదు. 1940ల్లో అదే సిరీస్‌లో ఊరి జనంలో ఒకడిగా నిలబడ్డాడు. ఏ సిరీస్‌కి మొదటి సినిమాలో అంత ముఖ్యమైనవాడో అందులోనే గుంపులో! నేను ఆ ఫ్రేములు ఆపి ఆపి వెతుకుతుంటాను, దొరికినప్పుడు సంతోషం కూడా వేయదు.

యుద్ధం రోజుల్లో రాత్రిపూట విమాన కంపెనీ లాక్‌హీడ్‌లో టూల్ డిజైనర్‌గా పనిచేశాడు. గుండె జబ్బు ఉంది. అప్పుడు, ఇన్నేళ్ళకి, ఒక పెద్ద సినిమాలో మామూలు మనిషి వేషం వచ్చింది, అమెరికా అధ్యక్షుడు విల్సన్ మీద తీస్తున్న సినిమాలో యుద్ధ కార్యదర్శి న్యూటన్ బేకర్ పాత్ర. గూని లేదు, నవ్వు లేదు. షూటింగ్‌కి వెళ్ళకముందే 1943 నవంబర్ 7న లాస్ ఏంజెలెస్‌లో సిటీ బస్సులో కుప్పకూలిపోయాడు. 44 ఏళ్ళు. మరణ ధృవీకరణ పత్రంలో వృత్తి దగ్గర నటుడు అని లేదు, టూల్ డిజైనర్ అని రాశారు.

సార్ ఇది చెప్పిన రోజు క్లాసులో ఎవరం లేవలేదు, బెల్లు కొట్టినా కూర్చునే ఉన్నాం. మర్నాటి నుంచి నేను రిహార్సల్‌కి అందరికంటే ముందు వెళ్ళాను. నాటకంలో నా నౌకరు ట్రే పట్టుకుని వచ్చేముందు గుమ్మం దగ్గర ఒక్క క్షణం ఆగి చొక్కా గుండీ సరిచేసుకుంటాడు, అది స్క్రిప్ట్‌లో లేదు, సార్ చూశారు, ఏమీ అనలేదు, తలూపారు.

చివర్లో ఒక రిక్వెస్ట్. ఫ్రిట్జ్ గురించి నేను రాసిన నోట్‌బుక్, నీలం అట్టది, ఆఖరి సంవత్సరం సార్‌కి ఇచ్చాను. సార్ పోయాక క్లబ్ పుస్తకాలు మనవాళ్ళే ఎవరో తీసుకెళ్ళారని విన్నా. మీ అటకల మీద, అట్టపెట్టెల్లో ఒకసారి వెతకండి. ఉంటే రీయూనియన్‌కి పట్టుకురండి, సాక్స్ సీన్ పేజీలో మార్జిన్‌లో సార్ పెన్సిల్‌తో ఏదో రాశారు, అప్పుడు హడావిడిలో చదవలేదు.