మా గట్టు మీద 71 ఇళ్లు లెక్కలోకి రావడానికి ఏడు నెలలు పట్టింది (నా అనుభవం)

నిన్న సోమవారం గ్రీవెన్స్‌లో (అధికారులు జనం అర్జీలు తీసుకునే చోటు) మా మరుగుదొడ్ల అర్జీకి నంబరు పడింది. రసీదు ఇంకా నా బ్యాగులోనే ఉంది. రాత్రి రెండుసార్లు తీసి చూసుకున్నాను. నాలాగా తిరిగేవాళ్లకి పనికొస్తుందని, మర్చిపోకముందే రాసేస్తున్నాను.

మాది గోదావరి పశ్చిమ డెల్టాలో ఒక మునిసిపాలిటీ. ఊరి పేరు రాయను, రేపు మళ్లీ అదే ఆఫీసుకి వెళ్లాలి. పంట కాలవ గట్టు మీద మా ఇళ్లు. తాతల నాటి తాటాకు పాకలే ఇప్పుడు రేకుల షెడ్లయ్యాయి. మగవాళ్లు చేపల చెరువుల మీద పనికి వెళ్తారు, ఆడవాళ్లు రొయ్యల షెడ్లలో తలలు తీస్తారు. నేను జిరాక్స్ షాపులో చేస్తాను. మా గట్టు మీద డిగ్రీ పూర్తి చేసిన మొదటి ఆడపిల్లని నేనే. కుళాయిలు, మురుగు కాలవ, మరుగుదొడ్లు కావాలని అర్జీ రాశాం. సంతకాలు ఒక్క రోజులో అయిపోయాయి.

మొదటిసారి వెళ్లినప్పుడు మునిసిపల్ ఆఫీసు కౌంటర్ దగ్గర గుమస్తా కాగితం పైపైన చూసి, "మీ వార్డులో దాదాపు అన్ని ఇళ్లకీ దొడ్లు ఉన్నాయని 2011 జనగణనలోనే ఉంది. లేవంటావేంటి?" అన్నాడు. పక్కన కుర్చీలో ఒక కాంట్రాక్టరు టీ తాగుతున్నాడు. ఆయన్ని 'గారు' అంటున్నాడు, నన్ను 'నువ్వు' అంటున్నాడు. మాకు లేవండి అన్నాను. "మరి పొద్దున్నే ఎక్కడికెళ్తున్నావ్?" అని అందరికీ వినపడేలా అడిగాడు. వెనక పదిహేను మంది వరసలో ఉన్నారు. మా పక్కింటి పిన్ని కొంగు నోటికి అడ్డం పెట్టుకుని బయటికి వెళ్లిపోయింది. నాకు చెవులు వేడెక్కాయి. జవాబు నా దగ్గర ఉంది. నాలుగింటికి లేచి, ఇద్దరిద్దరం తోడుగా, బ్యాటరీ లైటు పట్టుకుని వంతెన దాటి దిబ్బ వెనక్కి వెళ్తాం. ఆ గదిలో అది నా నోట్లోంచి రాలేదు. కాగితం వెనక్కి తీసుకుని వచ్చేశాను. ఆ రాత్రి అన్నం సయించలేదు.

ఆయన చెప్పిన లెక్క ఏంటో నా కళ్లతో చూడాలనుకున్నాను. జనగణన పట్టికలు నెట్‌లో ఉచితంగానే దొరుకుతాయి. కాకపోతే 2022లో జిల్లాలు విడగొట్టారు కదా, ఆ పట్టికలు మాత్రం పాత జిల్లాల ప్రకారమే ఉంటాయి. ఉమ్మడి రాష్ట్రం కోడ్ 28, పశ్చిమగోదావరి 546. ఇది తెలియక రెండు సాయంత్రాలు పోయాయి. పట్టణాలకి వార్డుల వారీగా జనాభా, ఎస్సీ ఎస్టీలు, చదువు, పని ఒక పట్టికలోనూ, ఇంటి వసతులు ఇంకో పట్టికలోనూ ఉంటాయి. రెండూ చూడాలి.

అక్కడ నాకు తల తిరిగింది. వార్డు నంబర్లు ఇప్పటివి కావు, మధ్యలో హద్దులు మార్చారు. పాత హద్దు చెప్పింది రిటైరైన బిల్ కలెక్టర్ ఒకాయన. ఆయన దగ్గరుండి గట్టు మీద నడిపించి, వంతెన దగ్గర ఆగి, "ఇక్కడేనమ్మా గీత" అన్నారు. మా 71 ఇళ్లలో 38 ఒక వార్డులో, 33 ఇంకో వార్డులో పడ్డాయి. ఒక ముక్క అపార్ట్‌మెంట్ల రోడ్డుతో, ఇంకో ముక్క చెరువుల ఆసాముల కాలనీతో కలిసిపోయింది. సర్కారు మురికివాడల జాబితాలో లేని చోటుని జనగణన మురికివాడగా గుర్తించాలంటే కనీసం 300 మంది జనం, లేదా ఒకేచోట 60, 70 కుటుంబాలు ఉండాలి. కలిపి చూస్తే మాకు సరిపోతుంది. గీత గీస్తే ఏ ముక్కా సరిపోదు. 2011లో దేశం మొత్తం మీద మురికివాడల్లో ఉన్నవాళ్లు సుమారు 6.5 కోట్ల మంది, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లోనే కోటికి పైగా. అంతమందిని లెక్కపెట్టిన జాబితాలో మా గట్టు లేదు.

వసతుల పట్టికలో మొత్తం గడి మాత్రమే చూసి మోసపోకండి. 'ఆవరణలో మరుగుదొడ్డి ఉంది' అన్న మొత్తంలో సెప్టిక్ ట్యాంకు ఉన్నవాళ్లూ ఉంటారు, మలం నేరుగా బహిరంగ కాలవలోకి పోయేవాళ్లూ ఉంటారు. మా బాబాయి వాళ్లది రెండో రకం. నాలుగు వాసాలకి చుట్టిన గోనెసంచులు, రెండు సిమెంటు పలకలు, కాలవలోకి ఒక గొట్టం. ఎండాకాలం కాలవలకి నీళ్లు ఆపేశాక ఆ గొట్టం కింద ఏముంటుందో డెల్టా వాళ్లకి చెప్పక్కర్లేదు.

ఇంటికొచ్చి అమ్మకి చూపించాను. అమ్మ కాసేపు మాట్లాడలేదు. తర్వాత చెప్పింది. 2010లో ఇళ్ల లెక్కకి మాస్టారు వచ్చినప్పుడు ఇంట్లో చుట్టాలున్నారట, దొడ్డి ఉందా అని అడిగితే సిగ్గేసి "ఉందండి" అనేసిందట. పక్కింట్లో పిన్నీ అదే చెప్పిందట. గుమస్తా నా మొహాన కొట్టిన అంకెలో మా అమ్మ సిగ్గు కూడా ఉంది. అందుకే చెప్తున్నాను, కొత్త జనగణనలో ఇళ్ల లెక్క 2026లో, జనం లెక్క 2027 ఫిబ్రవరిలో. జనగణనలో అందరి కులాల లెక్కలూ చివరిసారి బయటికొచ్చింది 1931లో, మళ్లీ ఈసారే కులం రాస్తారు. వచ్చినవాళ్ల ముందు గొప్పలకి పోకండి. లేనిది లేదనే చెప్పండి, చుట్టాలుంటే పక్కకి పిలిచి చెప్పండి.

మా గట్టు లెక్క విడిగా ఇమ్మని సమాచార హక్కు కింద అడిగాను. పది రూపాయల ఫీజు. తెల్లకార్డు జత చేస్తే అదీ అక్కర్లేదని ఎవరూ చెప్పలేదు. 27వ రోజున జవాబు వచ్చింది: వార్డు కంటే కింది లెక్కలు ఇవ్వరు, జనగణన చట్టం 15వ సెక్షన్ ప్రకారం ఇంటింటి వివరాలు రహస్యం. ఇంటి గుట్టు బయటపెట్టకూడదన్నది న్యాయమే. నేను అడిగింది గట్టు మొత్తం లెక్క, అది వేరు.

దాంతో మేమే లెక్క తీశాం. రెండు ఆదివారాలు, నలుగురం ఆడపిల్లలం, జనగణన ఫారంలో ఉన్న ప్రశ్నలే, అదే వరసలో. అలా చేస్తేనే వాళ్ల పట్టిక పక్కన మన పట్టిక పెట్టడానికి కుదురుతుంది. 71లో సెప్టిక్ ట్యాంకు 9 ఇళ్లకి, కాలవలోకి గొట్టం 22 ఇళ్లకి, ఏమీ లేనివి 40. ఈ మధ్యలో ఒక మాజీ కౌన్సిలర్ తన లెటర్‌హెడ్ మీద పెట్టిస్తానన్నాడు. నేను ఒప్పుకోలేదు. మీరూ ఎవరి వెనకా వెళ్లకండి. కౌంటర్‌కి కూడా వెళ్లకండి, నేరుగా గ్రీవెన్స్‌కే వెళ్లండి.

నిన్న అక్కడ అధికారి మేడమ్ రెండు పట్టికలూ పక్కపక్కన పెట్టుకుని చదివారు. "మరి ఇప్పుడు ఎక్కడికి వెళ్తున్నారమ్మా?" అని మెల్లగా అడిగారు. నేను నోరు తెరిచేలోపే పిన్ని ముందుకొచ్చింది. "నాలుగింటికండి, వంతెనవతల దిబ్బ వెనక్కండి. వానొస్తే అదీ లేదండి" అంది, గది మొత్తానికి వినపడేలా. మేడమ్ ఆ మాట అర్జీ అంచున రాసుకున్నారు. రెండు ముక్కల్నీ కలిపి చూడమని కింద ఇంకో లైను రాశారు. గురువారం ఇంజనీరు కొలతలకి వస్తారట. ఆ రోజుకి షాపులో సెలవు అడిగాను.