పేరు చివర 'నే'

బుడాపెస్ట్‌ ఆఫీసులో మొదటిరోజు పేరడిగితే, అలవాటు కొద్దీ ఇంటిపేరు ముందు చెప్పి నాలిక కరుచుకున్నాను. పక్క సీటు పెద్దావిడ నవ్వి, "మేమూ అంతే" అంది. యూరప్‌లో ఇంకెవరికీ అర్థం కాని మన పద్ధతి హంగేరియన్లకి పుట్టుకతో వచ్చింది. పరాయి ఊళ్లో నాకు దొరికిన మొదటి చుట్టరికం అదే.

నేను అసిస్టెంట్ ఎడిటర్‌ని. కృష్ణానగర్‌లో ఆరేళ్లు చేసి ఇక్కడికొచ్చాను. హాలీవుడ్ వాళ్లు ఈ దేశంలో పెట్టే ఖర్చులో 30 శాతం దాకా ప్రభుత్వం వెనక్కిస్తుంది, అందుకే పనికి కరువు లేదు. వచ్చిన రషెస్ (రోజూ తీసిన ముడి షాట్లు) సర్ది, సౌండ్ కలిపి ఎడిటర్‌కి అందించడం నా పని. వర్క్ పర్మిట్ రెన్యువల్ నెలలో మాత్రం నిద్ర పట్టదు.

ఎడిటర్‌ని ఇక్కడ 'వాగో' అంటారు, అంటే కోసే మనిషి. ఆడో మగో ఆ మాటలో తెలీదు. ఈ భాషలో అతనికీ ఆమెకీ కూడా ఒకటే మాట.

పెద్దావిడ ఫిల్మ్ కాలం మనిషి. ఆవిడకి పని నేర్పిన గురువు రెండో ప్రపంచయుద్ధం రోజుల్లో చిన్నపిల్లగా కటింగ్ రూమ్‌లో చేరిందట. జుగ్లో పేటలో ద్యర్మత్ వీధిలో ఉన్న హున్నియా స్టూడియోలో. 1917లో దర్శకుడు అలెగ్జాండర్ కోర్డా స్టూడియో కట్టింది ఆ వీధిలోనే. రెండో యుద్ధంతో అమెరికా సినిమాలు ఆగిపోయాయి, హాళ్లు ఖాళీగా ఉండకూడదు కదా, ఏడాదికి 40కి పైగా హంగేరియన్ సినిమాలు తీసేవారు. అన్నీ కోసి అతకాల్సిందే. తెల్ల చేతితొడుగులు, కత్తెర, మైనపు పెన్సిల్. అతికే చోట ఎమల్షన్ (ఫిల్మ్ మీద బొమ్మ పడే పూత) గీకి, జిగురు రాసి, ఊపిరి బిగపట్టి నొక్కడం. ఆ నైట్రేట్ ఫిల్మ్ నిప్పు తగిలితే భగ్గుమంటుంది, నీళ్లు పోసినా ఆరదు. నేను మౌస్‌తో రోజుకి వంద కట్లు మార్చి మళ్లీ వెనక్కి తీసుకుంటాను. అక్కడ తప్పు కోస్తే ఆ ఫ్రేము పోయినట్టే.

పేర్ల సంగతి అంతకన్నా ఘోరం. 1938 చట్టంతో సినిమా పనికి 'ఛాంబర్' అనే వృత్తి సంఘం సభ్యత్వం తప్పనిసరి చేసి, యూదులకి 20 శాతం హద్దు పెట్టారు. మరుసటి ఏడు దాన్ని 6కి దించారు. కార్డు దొరకని రచయితలు వేరేవాళ్ల పేరు మీద రాసేవారు. అలా పేరు అరువిచ్చేవాడిని 'ష్ట్రోమన్' అంటారు, గడ్డిమనిషి. నా పర్మిట్ బెంగని ఒకసారి దీంతో పోల్చబోయి నోరు మూసుకున్నాను. నాకు రాకపోతే హైదరాబాద్ ఫ్లైట్ ఎక్కుతాను, అంతే. 1944 మార్చిలో జర్మన్లు వచ్చాక ఆ యూదులకి ఎక్కడానికి మిగిలింది నాజీల మరణశిబిరాలకి పోయే రైలే.

ఆ డిసెంబర్‌లో ఊరిని రష్యన్ సైన్యం చుట్టుముట్టింది. ఫిబ్రవరి 13 దాకా జనం నేలమాళిగల్లో బతికారు. గురువుగారు బయటికొచ్చేసరికి దనూబ్ మీద ఒక్క వంతెనా మిగల్లేదు. ఆమె నడిచి వెళ్లి మళ్లీ పనిలో చేరింది. 1948లో సినిమా పరిశ్రమ ప్రభుత్వానిది అయింది, ఆమెకి నెలజీతం వచ్చింది.

యుద్ధకాలం సినిమాల్లో ఆమె పేరు ఒక్కదాంట్లోనూ లేదట. పెళ్లయ్యాక వేశారు, కానీ అది మొగుడి పేరు. అప్పట్లో ఇక్కడ భర్త కొవాచ్ యానోష్ అయితే భార్య పేరు కాగితాల మీద 'కొవాచ్ యానోష్‌నే' అని ఉండేది. ఆ చివరి 'నే' అంటే భార్య. మన ఊళ్లో 'ఫలానా వారి ఆవిడ' అనడం లాంటిదే, కాకపోతే వెండితెర మీద. ఆనాటి తార కరాది కతలిన్ పేరు చెబితే ఇప్పటికీ ఇక్కడి ముసలాళ్ల కళ్లు మెరుస్తాయి. ఆమె షాట్లు కోసింది ఎవరని అడిగితే ఎవరూ చెప్పలేరు.

కాలం కొంత మారింది. 1982లో ఆస్కార్ గెలిచిన 'మెఫిస్టో'ని ఎడిట్ చేసిన చాకాన్య్ జుజా పేరు తెరమీద ఆమె పేరుగానే పడింది.

పోయిన వారం నాకూ టైటిల్స్ ఫారం వచ్చింది. 'మీ పేరు ఎలా పడాలి?' అని. ఇంటిపేరు ముందు పెట్టి పంపాను. లండన్ నుంచి ఫోన్: రెండింట్లో మీ పేరు ఏది, మిస్టరా, మిస్సా? పెద్దావిడ హెడ్‌ఫోన్ తీసి నావైపు చూసింది.

"రెండోది నాది" అన్నాను. "మొదటిది మా నాన్నది. పెళ్లయినా మార్చలేదు."