పాట ఆపడానికి వెళ్ళిన అమ్మ

2026 జనవరి 18, ఆదివారం. హైదరాబాద్.

పొద్దున ఏడింటికి రావాల్సిన పనమ్మాయి తొమ్మిదిన్నరకు వచ్చింది. కళ్ళు వాచి ఉన్నాయి. నేనేమీ అడగలేదు. గిన్నెలు తోముతూ తనే చెప్పింది.

"పండక్కి మీరిచ్చిన పైసలు బియ్యం డబ్బాల దాచిపెట్టిన అక్కా. ఎట్ల దొరికినయో ఏమో. రాత్రి అన్నీ పట్టుకపోయి వైన్స్ కాడ ఇచ్చొచ్చిండు."

వాళ్ళది నల్గొండ వైపు పల్లె. వాళ్ళాయన సెంట్రింగ్ పని చేస్తాడు. పని బాగా తెలిసిన మనిషి, సాయంత్రం ఆరు దాటేవరకూ మంచివాడు అని తనే చెబుతుంటుంది. ఇదివరకు తాగాలంటే మెయిన్ రోడ్డు దాటి అవతలికి పోవాల్సొచ్చేది. డిసెంబర్‌లో మా వీధి చివర, పంక్చర్ షాపు ఉండే చోట కొత్త వైన్స్ తెరిచారు. పక్కనే కూర్చుని తాగడానికి పర్మిట్ రూమ్. ఇప్పుడతను పని నుంచి ఇంటికి నడిచొచ్చే దారి దాని ముందు నుంచే. ఆ నాలుగడుగుల దూరం తగ్గడం ఒక ఇంట్లో ఎంత తేడా తెస్తుందో ఈ నెలన్నరలో కళ్ళారా చూస్తున్నాను.

అమ్మ హాల్లో కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తోంది. పనమ్మాయి మాటలు ఆమెకీ వినిపించాయి కానీ మధ్యలో కలగజేసుకోలేదు. లేచి వెళ్ళి టీ పెట్టి, గ్లాసు తెచ్చి ఆ అమ్మాయి పక్కన గట్టు మీద పెట్టింది. మోకాళ్ళ నొప్పులతో ఈ మధ్య తన టీ కూడా తను పెట్టుకోవడం లేదు అమ్మ.

ఇవాళ ఎన్టీఆర్ వర్ధంతి. పోయి ముప్పై ఏళ్ళు. టీవీలో హుస్సేన్ సాగర్ పక్కన ఘాట్ దగ్గర పూలు చల్లుతున్న దృశ్యాలు, మధ్యమధ్యలో పాత వీడియోలు వేస్తున్నారు. 1994 డిసెంబర్ 12న లాల్ బహదూర్ స్టేడియంలో ప్రమాణ స్వీకారం చేసి, అక్కడే జనం ముందు మద్య నిషేధం ఫైలు మీద సంతకం పెట్టారు కదా, దాని గురించి చెబుతున్నారు. అమ్మ చేతిలోని చిక్కుడుకాయ పళ్ళెంలో పెట్టేసింది.

"ఆ సంతకం రెండేళ్ళే నిలబడింది" అంది.

మా అబ్బాయి పదో తరగతి. ఫోన్‌లోంచి తలెత్తి, "ఏం సంతకం అమ్మమ్మా?" అన్నాడు. వాడికి ఏమీ తెలియదు. తప్పు వాడిది కాదు, నేనెప్పుడూ చెప్పలేదు. అమ్మ వాడికి చెప్పింది ఇక్కడ రాసి పెట్టుకుంటున్నాను. నాకు గుర్తున్నదీ కలిపి రాస్తున్నాను.

మాది నెల్లూరు జిల్లా, దూబగుంటకు దగ్గరి పల్లె. నా చిన్నప్పుడు మా ఊళ్ళో సారాయి అంగడి ఉండేది. ఎన్టీఆర్ తొలి ప్రభుత్వంలోనే, ఎనభైల్లో, 'వారుణి వాహిని' అని పేరు పెట్టి సర్కారే సారాయిని ప్లాస్టిక్ ప్యాకెట్లలో సరఫరా చేయడం మొదలైంది. తర్వాత నిషేధం తెచ్చింది కూడా ఆయనే. రెండూ చెప్పాలి, ఒకటి దాచి ఒకటి చెబితే న్యాయం కాదు. బడికి వెళ్ళే దారంతా నలిగిన ప్యాకెట్లు ఉండేవి. కూలి డబ్బుల్లో కొంత ప్యాకెట్ల రూపంలోనే ఇచ్చే ఆసాములు ఉండేవాళ్ళు. మా నాన్నకూ అలా ఇచ్చారు. మనిషి తాగుడు మానే వీలే లేకుండా కూలీలోనే కలిపి ఇచ్చేస్తే ఇక ఇంటికి ఏం తెస్తాడు? 1970-71లో రాష్ట్రానికి ఎక్సైజ్ రాబడి 39 కోట్లు, 1991-92 నాటికి 812 కోట్లు. ఈ అంకెలు నేను పెద్దయ్యాక చదివాను. అందులో మా ఇంటి అటక మీంచి అమ్ముడుపోయిన ఇత్తడి బిందె కూడా ఉందని నాకు అనిపిస్తుంది.

1991లో జిల్లాలో అక్షరాస్యత కార్యక్రమం వచ్చింది. రాత్రి బడి. అమ్మకు అప్పటికి ముప్పై ఆరేళ్ళు. పలకా బలపం పట్టుకుని రామాలయం అరుగు మీద లాంతరు వెలుగులో కూర్చునేది. పక్కనే నేను తప్పులు దిద్దేదాన్ని. అక్షరాలతో పాటు అక్కడ ఆడవాళ్ళకు దొరికింది రోజూ ఒక గంట ఒకరి పక్కన ఒకరు కూర్చునే వీలు. ఎవరింట్లో ఏం జరుగుతోందో అంతవరకూ గోడల మధ్యే ఉండేది. ఆ అరుగు మీద అందరిదీ ఒకటే కథ అని తేలింది. దూబగుంటలో రోశమ్మ, ఆ ఊరి ఆడవాళ్ళు కలిసి సారాయి అంగడి మూయించారు. ఆ సంగతి చదువుకునే వాచకంలో పాఠంగా కూడా వచ్చింది. ఆ పాఠం చదివిన రాత్రి ఎవరూ త్వరగా ఇళ్ళకు పోలేదు.

"మర్నాడు పొయ్యి అంగడి ముందర కూచున్నాం" అంది అమ్మ. "కొట్లాట కాదురా అబ్బయా. కూచున్నాం, అంతే. చీపుర్లు పక్కన పెట్టుకున్నాం. కొంగున కారప్పొడి ఉండింది. అది కొట్టే పని పడలా."

తర్వాత ఊరి పొలిమేర దగ్గర వంతులు వేసుకుని రాత్రుళ్ళు కాపలా కాశారు. జీపు రాకపోతే సైకిళ్ళ మీద వచ్చేది సరుకు. పాల క్యాన్లలో ప్యాకెట్లు పెట్టి తెచ్చిన ఒకతన్ని మా పెద్దమ్మ పట్టుకుంది. ఆ పాలు ఏ ఇంటివో, ఏ పూట ఎన్ని లీటర్లు పోస్తాడో ఆమెకు తెలుసు, క్యాను మోస్తున్న తీరు చూసి బరువు తేడా కనిపెట్టింది. ఇలాంటి తనిఖీ ఏ చెక్‌పోస్టులోనూ జరగదు.

ఇక పాట సంగతి. 1992లో ఒక పొద్దున అమ్మ చద్దన్నం మూట కట్టుకుని, "పాట ఆపడానికి నెల్లూరు పోతన్నా, తమ్ముణ్ణి చూసుకో" అంది. నాకు పన్నెండేళ్ళు. నాకు తెలిసిన పాట గుడి మైకులో వచ్చేదే. నెల్లూరులో ఎవరు పాడుతున్నారు, అమ్మ పోయి ఎందుకు ఆపాలి అని రోజంతా ఆలోచించాను. సారాయి అంగళ్ళ వేలంపాట అది. కలెక్టరాఫీసు దగ్గర జిల్లా నలుమూలల నుంచీ వచ్చిన ఆడవాళ్ళు దారి కట్టేశారు. పాట వాయిదా పడింది. మళ్ళీ పెట్టారు, మళ్ళీ వెళ్ళారు, మళ్ళీ వాయిదా. ఈనాడులో 'సారాపై సమరం' అని రోజూ పేజీ వచ్చేది. అమ్మ కూడబలుక్కుని చదివేది. తన జీవితంలో తను చదివిన మొదటి పేపరు వార్తలు తను చేసిన పని గురించే.

1993 ఏప్రిల్‌లో ముందు మా జిల్లాలో సారా ఆపారు. కోట్ల విజయభాస్కరరెడ్డి ముఖ్యమంత్రిగా ఉండగా, అదే ఏడాది అక్టోబర్ 1 నుంచి రాష్ట్రమంతా ఆగింది. కానీ బ్రాందీ షాపులు అలాగే ఉన్నాయి. సారా పోయినచోటికి సీసా వచ్చింది. అందుకే అన్నీ బందు చేయాలని అడిగారు. 1995 జనవరి 16 నుంచి సంపూర్ణ నిషేధం అమల్లోకి వచ్చింది.

"మాకు సంబరమే" అంది అమ్మ. "ఇంక రాత్రుళ్ళు మేలుకోనక్కర్లేదనుకున్నాం. పోలీసులు చూసుకుంటార్లే అని. కాపలా మానేశాం. అదే మేం చేసిన తప్పు."

ఈ మాట నేను అమ్మ నోట మొదటిసారి విన్నాను. ఇన్నేళ్ళూ నిషేధం ఎందుకు నిలవలేదంటే ఖజానా అనుకునేదాన్ని. అదీ నిజమే. 1996లో రెండు రూపాయల బియ్యం మూడున్నర అయింది, సర్కారు చేతిలో డబ్బు లేదన్నారు. సరిహద్దులూ నిజమే. చుట్టూ ఉన్న రాష్ట్రాల్లో సీసా దొరుకుతున్నప్పుడు ఇన్ని వందల మైళ్ళ పొలిమేర ఎవరు కాస్తారు? హైదరాబాద్ నుంచి జహీరాబాద్ దాటితే బీదర్. గోదావరి జిల్లా మధ్యలోనే యానాం, అది పుదుచ్చేరిది కాబట్టి మన చట్టం అక్కడ చెల్లదు. మా వైపు తడ దాటితే తమిళనాడు. మా బాబాయి లారీ క్లీనరుగా పనిచేసేవాడు. తడ మీదుగా వచ్చేటప్పుడు ఉల్లిపాయ బస్తాల కింద సీసాలు పెట్టుకొచ్చి 1996లో పట్టుబడ్డాడు. ఒక్క ట్రిప్పుకు నెల జీతమంత వచ్చేదట. మా తాత జామీనుకు వెళుతుంటే అమ్మ తను రానంది. కానీ అన్నం, గోంగూర పచ్చడి కట్టిచ్చింది. సొంత మరిది. ఆ రోజు అమ్మ ముఖం నాకింకా గుర్తుంది.

పల్లెల్లో నాటుసారా పెరిగింది. వాగుల ఒడ్డున, తుమ్మచెట్లలో డ్రమ్ములు పూడ్చి బెల్లం ఊట పెట్టేవాళ్ళు. ఇక్కడ తెలంగాణలో దాన్నే గుడుంబా అంటారు. నల్లబెల్లం అమ్మకాల మీద కేసులు హైకోర్టు దాకా పోయాయి. హైదరాబాద్‌లో ధూల్‌పేట పేరు చెబితే చాలామందికి వినాయకుడి విగ్రహాల కంటే ముందు గుడుంబాయే గుర్తొచ్చిన రోజులుండేవి. చీకట్లో కాచే సరుకులో ఏం కలిసిందో తాగేవాడికీ తెలియదు, అమ్మేవాడికీ తెలియదు. 1997లో చంద్రబాబు ప్రభుత్వం సంపూర్ణ నిషేధం ఎత్తేసింది. సారా మీద నిషేధం మాత్రం ఉంచారు.

ఇదంతా మనకు కొత్త కూడా కాదు. మా తాత కాలంలో, నెల్లూరు మద్రాసు రాష్ట్రంలో ఉన్నప్పుడు, 1948 నాటికే నిషేధం వచ్చింది. 1954లో ప్రకాశం పంతులు గారి ప్రభుత్వం ఈ నిషేధం గొడవ మీదే ఒక్క ఓటు తేడాతో పడిపోయింది. 1956లో రాష్ట్రాలు కలిశాక ఆంధ్ర జిల్లాల్లో నిషేధం, తెలంగాణ జిల్లాల్లో ఆబ్కారీ, అంటే సర్కారు అనుమతితో అమ్మకం. ఒకే రాష్ట్రంలో రెండు పద్ధతులు నడిచాయి.

ఇవన్నీ కారణాలే. అయినా అమ్మ చెప్పిన కారణమే నాకు అన్నిటికంటే లోతుగా తగిలింది. మా ఊళ్ళో అంగడి వద్దు అన్నది ఊరి ఆడవాళ్ళ మాట. అది చట్టమై సెక్రటేరియట్‌కు వెళ్ళింది. అక్కడ సంతకంతో వచ్చింది కాబట్టి, అక్కడ ఇంకో సంతకంతో పోయింది. పోయిన రోజున ఊళ్ళో కాపలా లేదు, అరుగు మీద కూర్చునే గంట లేదు. మా ఊరి ఆడవాళ్ళను మళ్ళీ ఎవరూ ఏమీ అడగలేదు. తర్వాత బెల్టు షాపులు వచ్చాయి. చాక్లెట్లు, షాంపూలు అమ్మే బంకులోనే క్వార్టర్ సీసా.

ఇప్పుడు తెలంగాణలో వేలంపాట కూడా లేదు, లక్కీ డ్రా. మొన్న అక్టోబర్‌లో 2,620 షాపులకు డ్రా తీశారు. ఒక్కో దరఖాస్తుకు 3 లక్షలు, షాపు రాకపోయినా డబ్బు వెనక్కి ఇవ్వరు. 95 వేలకు పైగా దరఖాస్తులు వచ్చాయి. షాపులు ఇంకా తెరవకముందే సుమారు 2,850 కోట్లు. మా వీధి చివరి షాపు ఆ డ్రాలో వచ్చిందే. ఆపడానికి వెళ్దామంటే పాటే లేదు.

వీడు అంతా విని, "అమ్మమ్మా, మరి నువ్వు పేపర్లో వచ్చావా?" అన్నాడు. "రాలేదు. రోశమ్మ వచ్చింది. ఆమె వస్తే మేమందరం వచ్చినట్టే" అంది అమ్మ. రోశమ్మ 2016లో పోయారు. ఆ రోజు అమ్మ సాయంత్రం దాకా పచ్చి మంచినీళ్ళు తాగలేదని తమ్ముడు చెప్పాడు. నేనప్పుడు ఆఫీసు టెన్షన్‌లో ఉండి ఫోన్ కూడా చేయలేదు.

సాయంత్రం కాలనీ వాళ్ళు ఒక కాగితం తెచ్చారు. వీధి చివరి షాపును అక్కడి నుంచి మార్చాలని ఎక్సైజ్ వాళ్ళకు అర్జీ. ఫ్లాట్ నంబరు, పేరు, సంతకం. నేను పెట్టాను. అమ్మ కళ్ళద్దాలు తెప్పించుకుని అర్జీ మొత్తం పైనుంచి కిందికి వేలు పెట్టి చదివింది. అరగంట పట్టింది. తెచ్చినాయన ఓపిగ్గా నిలబడ్డారు. చదివాక సంతకం పెట్టకుండా అడిగింది:

"ఇందులో మన పనమ్మాయి పేరేది?"

ఆమె ఈ కాలనీలో ఉండదు కదండీ, వెనక బస్తీలో ఉంటుంది అన్నారాయన.

"ఆ అంగట్లో పడే డబ్బు ఎవరిది? నీదా, నాదా? బస్తీలో ఎంతమంది ఆడవాళ్ళున్నారో వాళ్ళందరి పేర్లూ ఉండాల. లేకుంటే ఈ కాగితం బరువెంత?"

ఆయన కాసేపు ఆలోచించి, రేపు సాయంత్రం దాకా కాగితం మా ఇంట్లోనే ఉంచుకోమన్నారు. వీడు ప్రింటర్‌లోంచి మూడు తెల్లకాగితాలు తీసి, స్కేలుతో గీతలు కొట్టి వెనక పిన్ను చేశాడు. ఫ్లాట్ నంబరు అనే గడి తీసేయమంది అమ్మ. మొదటి గీత ఖాళీగా ఉంచి, రెండో గీత మీద తన సంతకం పెట్టింది. రాత్రి బడిలో నేర్చుకున్న అదే సంతకం, చివరి అక్షరం కింద చిన్న గీతతో సహా.

పనమ్మాయి రేపు ఏడింటికి వస్తానంది. కాగితం ఎగిరిపోకుండా ఫ్రిజ్ మీద బియ్యం డబ్బా మూత పెట్టాను.