పోర్ట్ ఆర్థర్ పిల్ల

కుళ్ళిన కోడిగుడ్డు వాసన వస్తే కాలర్‌కు తగిలించుకున్న మీటరు చూసుకోవాలి. వస్తున్న వాసన ఉన్నట్టుండి ఆగిపోతే ఇంకా ఎక్కువ భయపడాలి. హైడ్రోజన్ సల్ఫైడ్ మోతాదు పెరిగితే ముందు ముక్కే మొద్దుబారిపోతుంది. టెక్సాస్‌లో పోర్ట్ ఆర్థర్ రిఫైనరీకి వచ్చిన మొదటి రోజు సేఫ్టీ క్లాసులో ఈ సంగతి మళ్ళీ చెప్పారు. అప్పటికే సౌదీలో జుబైల్, అబుదాబి ఎమిరేట్‌లో రువైస్ చూసి వచ్చినవాణ్ణి కాబట్టి వెనక బెంచీలో కూర్చుని సగం నిద్రపోయాను.

మాది గోదావరిఖని. నాన్న సింగరేణిలో కోల్ కట్టర్. నేను వరంగల్‌లో ఇంజినీరింగ్ చదివాను. నయీంనగర్‌లో నలుగురం ఒక రూములో ఉండేవాళ్ళం. అక్కడి నుంచి గల్ఫ్, గల్ఫ్ నుంచి ఇక్కడికి. నా పని పైపుల మందం కొలవడం. ఇనుము మీద కాస్త జెల్ పూసి ప్రోబ్ ఆనిస్తే శబ్ద తరంగం లోపలికి పోయి అవతలి గోడకు తగిలి తిరిగొస్తుంది. ఎంతసేపట్లో వచ్చిందో చూసి మెషీన్ మందం చెబుతుంది. లోపల తుప్పు ఎంత తిన్నదీ పైపు కోయకుండానే తెలుస్తుంది. కడుపుతో ఉన్నవాళ్ళకు చేసే స్కానింగ్ కూడా ఇదే పద్ధతి. మా మేనత్తకు ఫోన్లో అట్లనే చెప్పాను, పైపులకు స్కానింగ్ చేస్తానని. "మరి ఆడపిల్లనా, మొగపిల్లగాడా అల్లుడా?" అన్నది.

షట్‌డౌన్ అంటే రిఫైనరీలో యూనిట్ ఆపి మరమ్మతులు చేసే ఆరేడు వారాల పని. రోజుకు పన్నెండు గంటలు, పదమూడు రోజులు చేస్తే ఒక్క రోజు సెలవు. నాకు ఎప్పుడూ నైట్ షిఫ్టే పడుతుంది. ఒక రాత్రి ఉరుములు, మెరుపులు మొదలయ్యాయి. మెరుపు కనబడితే స్కఫోల్డింగ్ మీద ఎవరూ ఉండకూడదు, అందరూ దిగాల్సిందే. వాన తగ్గేదాకా ఫోర్‌మన్ ముసలాయన నన్ను తన ట్రక్కులో కూర్చోబెట్టుకున్నాడు. ఆయనది ఆ ఊరే. డ్యాష్‌బోర్డు మీద వేళ్ళతో తాళం వేస్తూ ఒక పాట పెట్టాడు. ఒక ఆడమనిషి గొంతు. బొంగురుగా మొదలై, చీరుకుపోయి, ఇక తెగిపోయింది అనుకునేసరికి ఇంకో మెట్టు పైకి పోయింది. "మా ఊరి పిల్ల" అన్నాడు. "మా అక్క కూడా అదే స్కూల్లో చదివింది. ఊరంతా నవ్వేది దాన్ని చూసి."

నిజం చెప్పాలంటే నాకు నచ్చలేదు. రేకు మీద మేకుతో గీసినట్టు అనిపించింది. ఎప్పుడాపుతాడా అని చూశాను. కానీ ఆ 'ఊరంతా నవ్వేది' అన్న మాట మాత్రం వానతో పాటు పోలేదు.

ఆ పిల్ల పేరు జానిస్ జాప్లిన్. 1943 జనవరి 19న ఆ ఊళ్ళో పుట్టింది. తండ్రి టెక్సాకో నూనె కంపెనీలో ఇంజినీరు, తల్లి ఒక బిజినెస్ కాలేజీలో రిజిస్ట్రార్. ముగ్గురు పిల్లల్లో పెద్దది. తెల్లవాళ్ళకు, నల్లవాళ్ళకు స్కూళ్ళు వేరు, పేటలు వేరు అయిన కాలం అది. ఈ పిల్ల బెస్సీ స్మిత్, లెడ్ బెల్లీ రికార్డులు తెచ్చుకుని నల్లవాళ్ళ పాటలు పాడేది. వేరువేరు బళ్ళెందుకు, అందరూ కలిసి చదువుకోవచ్చు కదా అని తరగతిలో అనేది. ముఖం నిండా మొటిమలు, ఒళ్ళు, పైగా ఈ నోరు. 1960లో హైస్కూల్ అయిపోయేదాకా తోటి పిల్లలు బతకనివ్వలేదు. తర్వాత ఆస్టిన్‌లో యూనివర్సిటీకి పోతే అక్కడ 'క్యాంపస్‌లో అందరికంటే అందవికారమైన మగాడు' అనే పోటీకి ఆమె పేరు ఇచ్చారు. 1963 జనవరిలో ఒక స్నేహితుడితో కలిసి రోడ్డు మీద వచ్చేపోయే బండ్లు ఆపుకుంటూ శాన్‌ఫ్రాన్సిస్కో వెళ్ళిపోయింది.

ఇది చదువుతుంటే నాకు మా అత్త గుర్తుకొస్తూనే ఉంది.

అత్త నాన్నకు చెల్లెలు. భర్త పోయాక మా క్వార్టర్‌లోనే ఉండి మిషిన్ కుట్టేది. బతుకమ్మ ఆడేటప్పుడు పాట ఎత్తుకునేది ఆమే. మైకు లేదు, బాక్సులు లేవు. ఆమె 'ఉయ్యాలో' అంటే మూడో లైన్ క్వార్టర్లదాకా వినబడేది. గొంతులో కొంచెం మగ జీర ఉండేది. "అదేం గొంతు, బాయి మీద కూత లెక్క" అనేవాళ్ళు పక్కింటివాళ్ళు. చిన్నప్పుడు ఊళ్ళో నాట్లేసే ఆడోళ్ళ వెనక తిరిగి పాటలు నేర్చుకుందట. మన ఇంటి పిల్లవు, ఆ వాడోళ్ళ పాటలు నీకెందుకని నాయనమ్మ తిట్టేదట. తిడితే ఇంకా పెద్దగా పాడేదట.

నేను తొమ్మిదో తరగతిలో ఉన్న ఏడు, సద్దుల బతుకమ్మ నాడు స్కూల్ దోస్తులు వచ్చారు. అత్త పాట ఎత్తుకుంది. వీళ్ళు మోచేతులతో పొడుచుకుని నవ్వడం మొదలుపెట్టారు. నేను ఆడోళ్ళ మధ్యలోంచి దూరిపోయి ఆమె కొంగు పట్టుకుని, "అత్తా, జర చిన్నగ పాడరాదు" అన్నాను. ఆమె నన్ను చూసింది, వాళ్ళను చూసింది. ఆ చరణం అయ్యాక ఇంకెవరో ఎత్తుకున్నారు, అత్త కోరస్‌లో కలిసింది. తర్వాతి ఏడాది నుంచి కోరస్‌లోనే ఉంది.

మళ్ళీ ఆ గొంతు నేను విన్నది 2011లో, సకల జనుల సమ్మెలో. నలభై రెండు రోజుల సమ్మె, బొగ్గు కార్మికులూ దిగారు. నేనప్పుడు జుబైల్ క్యాంపులో ఉన్నాను. గోదావరిఖని దీక్షా శిబిరం వీడియో ఎవరో ఫేస్‌బుక్‌లో పెడితే వెనక ఒక గొంతు వినబడింది. మనిషి కనబడలేదు. షామియానా గుంజ, ఎవరిదో వీపు, అంతే. ఎవరా అని అడగాల్సిన పని లేకపోయింది. నా పక్క బెడ్‌లో ఉన్న జగిత్యాల తమ్ముడు "ఎవలన్నా గామె, గట్ల ఎత్తుకున్నది?" అన్నాడు. మా అత్త అని చెప్పాను. అప్పుడు మాత్రం గర్వంగా చెప్పాను, ఏం లాభం.

సెలవు రోజున పోర్ట్ ఆర్థర్ డౌన్‌టౌన్‌లో మ్యూజియంకు పోయాను. గల్ఫ్ కోస్ట్ మ్యూజియం అంటారు. చుట్టూ సగం భవనాలు ఖాళీ, వీధిలో మనిషి లేడు. లోపల ఆమె పోర్షా కారు, ఒళ్ళంతా రంగురంగుల బొమ్మలతో. అది నకలు. 1964 మోడల్ అసలు కారు 2015లో వేలంలో 17 లక్షల 60 వేల డాలర్లకు పోయింది. ఆమె 1968లో సెకండ్‌హ్యాండ్‌లో కొన్నది 3,500 డాలర్లకు. ఊరివాళ్ళు 1988లో ఆమె శిల్పం ఆవిష్కరిస్తే వేలమంది వచ్చారట. ఆమె పెరిగిన ఇంటి ముందు 2008లో చారిత్రక ఫలకం పాతారు. బతికుండగా ఏం పెట్టారయ్యా అంటే దానికీ ఒక కథ ఉంది.

మధ్యలో ఒకసారి ఆమె ఓడిపోయి తిరిగొచ్చింది. 1965లో, మత్తుమందులకు బక్కచిక్కి, స్నేహితులు చందాలు వేసి బస్సు టికెట్ కొనిస్తే ఇల్లు చేరింది. జుట్టు ముడివేసుకుని, బుద్ధిగా బోమాంట్‌లో కాలేజీకి పోయింది. గల్ఫ్ నుంచి ఏజెంట్ మోసంతో ఖాళీ చేతులతో దిగినవాడు ఆర్నెల్లు ఇంట్లోంచి బయటికి రాకుండా ఉంటాడే, అచ్చం అట్లా. ఏడాది తిరిగేసరికి, 1966 జూన్‌లో మళ్ళీ బండెక్కింది. బిగ్ బ్రదర్ అండ్ ది హోల్డింగ్ కంపెనీ అనే బ్యాండ్‌లో చేరింది. ఇంకో ఏడాదికి కాలిఫోర్నియాలో మాంటెరే సంగీతోత్సవంలో పాడితే జనం నోరు తెరిచి చూశారు. ఆ వీడియో నేను చాలాసార్లు చూశాను. నేలను తొక్కుతూ, మైకును మెడ పట్టుకున్నట్టు పట్టుకుని పాడుతుంది. మొదట వట్టి అరుపు అనుకున్నాను. నాలుగోసారి వింటే తెలిసింది, ఆ చీలిన గొంతు కూడా శ్రుతిలోనే చీలుతుంది. 1968లో వాళ్ళ ఆల్బమ్ 'చీప్ థ్రిల్స్' ఎనిమిది వారాలు అమెరికాలో మొదటి స్థానంలో ఉంది. 1969లో ఉడ్‌స్టాక్ సంగీతోత్సవంలో పాడింది.

1970 ఆగస్టులో హైస్కూల్ పదేళ్ళ రీయూనియన్‌కు వచ్చింది. జుట్టులో ఈకలు, చేతుల నిండా గాజులు, వెంట పత్రికలవాళ్ళు. చూడండ్రా నేనేమయ్యానో అని చూపించడానికే వచ్చింది, అందులో దాపరికం లేదు. క్లాస్‌మేట్లు ఆమెకు ఒక బహుమతి ఇచ్చారు. అందరికంటే ఎక్కువ దూరం నుంచి వచ్చినందుకు, ఒక కారు టైరు.

ఇది చదివినప్పుడు మోటెల్ మంచం మీద ఒక్కణ్ణే నవ్వాను. ఆ తర్వాత నవ్వు రాలేదు. మనం రెండేళ్ళకోసారి సెలవుకు పోతే ఇచ్చేదీ అదే కదా. ఎప్పుడొచ్చినవ్, ఎప్పుడు పోతున్నవ్, టికెట్ ఎంతయింది. నువ్వేం చేస్తున్నావని ఎవరూ అడగరు. దూరం ఒక్కటే లెక్క.

రెండు నెలలకు, అక్టోబర్ 4న, లాస్ ఏంజెలెస్‌లో ఒక మోటార్ హోటల్ గదిలో చనిపోయింది. హెరాయిన్. వయసు 27. అర్ధరాత్రి లాబీలోకి వచ్చి, చిల్లర అడిగి, మెషీన్‌లో సిగరెట్లు కొనుక్కుని గదికి పోయింది. దొరికినప్పుడు చేతిలో నాలుగున్నర డాలర్ల చిల్లర అలాగే ఉంది. సగంలో ఉన్న ఆల్బమ్ 'పెర్ల్' 1971 జనవరిలో వచ్చి తొమ్మిది వారాలు మొదటి స్థానంలో నిలిచింది. అందులో ఒక పాటకు గొంతు లేదు, వాయిద్యాలే ఉంటాయి. ఆమె పాడాల్సిన రోజుకు ఆమె లేదు.

27 ఏళ్ళకే పోవడంలో ఏదో గొప్ప ఉన్నట్టు రాసేవాళ్ళంటే నాకు ఒళ్ళు మంట. మా సైట్‌లో డ్రగ్ టెస్ట్ పాస్ కాకపోతే గేటు దాటనివ్వరు. అట్లా గేటు బయటే ఆగిపోయిన మంచి వెల్డర్లను చూశాను. గొప్పేం లేదు. మా మోటెల్‌లో కూడా మెట్ల కింద ఒక మెషీన్ ఉంది, చిప్సు, కోక్ వస్తాయి. తాలింపు పెడితే రూములో పొగ అలారం మోగుతుంది కాబట్టి చాలా రాత్రులు అదే నా భోజనం. అందులో చిల్లర వేసేటప్పుడు ఈ మధ్య చేయి ఒక్క క్షణం ఆగుతోంది.

హ్యూస్టన్‌లో బతుకమ్మకు పోతే, తొంభై మైళ్ళు డ్రైవ్ చేసి, అక్కడ పెద్ద హాల్, మంచి ఏసీ, రెండు వైపులా ఇంత ఎత్తు స్పీకర్లు. పాట స్పీకర్ పాడుతుంది. ఆడవాళ్ళు చప్పట్లు కొడతారు. చక్కగానే ఉంటుంది, ఫోటోలు బాగా వస్తాయి. పాట ఎత్తుకునే మనిషి మాత్రం లేదు.

మొన్న షిఫ్ట్ దిగి వచ్చి, తెల్లవారి ఏడింటికి అత్తకు వీడియో కాల్ చేశాను. అక్కడ సాయంత్రం, చాయ్ పెట్టుకుంటోంది. ఒక పాట వినమని లాప్‌టాప్‌లో మాంటెరే వీడియో పెట్టాను. అత్త గరిటె పట్టుకుని కదలకుండా చూసింది.

"శోకం పెడుతుంది గదరా. ఎవలు పోయిండ్రు?"

"ఎవరూ పోలేదత్తా. పాట అంతే."

"ఊకెనే గంత శోకం ఎందుకు పెడతది? ఎవరో పోయిండ్రు. నీకు తెల్వది." కాసేపటికి, "ఏడుంటది ఈ పిల్ల?"

చనిపోయిందని, ఎన్నేళ్ళకో చెప్పాను. అయ్యో అనలేదు. చాయ్ పొంగితే పొయ్యి తగ్గించింది. అదే అదను అనుకుని, "అత్తా, నేను చిన్నప్పుడు ఒకసారి నిన్ను..." అని మొదలుపెట్టాను.

"చిన్నగ పాడుమన్నవ్. యాదికున్నది." ముఖంలో ఏమీ కనబడలేదు. "అప్పటికే నాకు గొంతు రాసింది తీ. నీ మాటకే ఇడుస్తనా?"

నిజమో, నా కోసం అన్నదో. 2011 వీడియోలో గొంతు రాసినట్టు ఏమీ లేదు.

"ఇంకోటి పెట్టు" అన్నది. "ఈసారి జర సప్పుడు పెంచు, ఏం వినొస్తలేదు."

పెంచాను. పక్క రూములో నైట్ షిఫ్ట్ చేసొచ్చి పడుకున్నవాడు గోడ మీద దబదబా కొట్టాడు.