నటుడి కన్నుతో సినిమా తీసిన బొలెస్లావ్‌స్కీ

రిషర్డ్ బొలెస్లావ్‌స్కీ హాలీవుడ్‌లో తీసిన ‘లే మిజెరాబ్ల్’ (1935) ఆరంభంలో, పోలీసు అధికారి జావెర్ పాత్రధారి చార్లెస్ లాటన్ తన పైఅధికారుల ముందు నిలబడి తన పుట్టుపూర్వోత్తరాలు చెప్పుకోవలసి వచ్చినప్పుడు కింది పెదవి అదురుతుంది. ఆ తర్వాత జావెర్ ఎంత కర్కశంగా ప్రవర్తించినా ఆ అదురు మనకు గుర్తుంటుంది. నటన తెలిసిన దర్శకుడే ఆ ముఖం మీద అంతసేపు ఆగగలడని నా అభిప్రాయం.

1889లో పుట్టిన ఈ పోలిష్ కళాకారుడికి నటన మాస్కో ఆర్ట్ థియేటర్‌లో పట్టుబడింది. 1909లో రష్యన్ రచయిత తుర్గేనెవ్ నాటకంలో యువ ఉపాధ్యాయుడు బెల్యాయెవ్‌గా, తర్వాత ఇంగ్లీషు రంగస్థల రూపశిల్పి గోర్డన్ క్రెయిగ్ రూపకల్పన చేసిన ‘హామ్లెట్’లో లేయర్టీస్‌గా వేషం కట్టాడు. ఆ థియేటర్ సారథి, నటనా గురువు స్టానిస్లావ్‌స్కీ నెలకొల్పిన ఫస్ట్ స్టూడియో 1913లో ప్రదర్శించిన తొలి నాటకానికి దర్శకుడూ ఆయనే. మొదటి ప్రపంచయుద్ధంలో అశ్వికదళంలో పనిచేసి, రష్యన్ విప్లవం తర్వాత పోలండ్ చేరుకున్నాడు. 1920 ఆగస్టులో వార్సా పొలిమేరల్లో సోవియట్ సేన ఓడిపోయిన యుద్ధాన్ని తీసుకుని, మరుసటి ఏడాదే ‘విస్తులా తీరాన అద్భుతం’ అనే మూకీ తీశాడు. అందులో ఇప్పుడు కొంత భాగమే మిగిలింది. 1922లో డెన్మార్క్ దర్శకుడు డ్రయర్ జర్మనీలో తీసిన ఒక చిత్రంలో నటించాడు.

అమెరికా వెళ్లాక, 1923లో మాస్కో ఆర్ట్ థియేటర్ నటి మరియా ఉస్పెన్‌స్కాయాతో కలిసి న్యూయార్క్‌లో అమెరికన్ లాబొరేటరీ థియేటర్ నడిపాడు. తర్వాత పేరున్న నటనా గురువులైన లీ స్ట్రాస్‌బర్గ్, స్టెల్లా ఆడ్లర్ అక్కడ చదువుకున్నవారే. 1933లో ఆయన నటనపై ఆరు పాఠాలను గురుశిష్యుల సంభాషణగా ప్రచురించాడు. ఎన్నడూ హత్య చేయనివాడు హంతకుడి పాత్ర ఎలా వేయాలన్న ప్రశ్నకు, నిద్ర చెడగొట్టిన దోమను చంపాలని పగబట్టిన రాత్రిని గుర్తు తెచ్చుకోమంటాడు గురువు. ఇంతకంటే తేటగా భావస్మృతిని, అంటే సొంత అనుభవంలోని భావాన్ని నటన కోసం గుర్తు తెచ్చుకోవడాన్ని, వివరించిన పుస్తకం నేను చదవలేదు.

హాలీవుడ్‌లో ఆయనకు దక్కినవి ఎక్కువగా తారల కోసం అల్లిన కథలే. ముగ్గురు బారీమోర్ తోబుట్టువులు కలిసి నటించిన ఏకైక చిత్రం ‘రాస్పుటిన్ అండ్ ది ఎంప్రెస్’ (1932) మరొకరి చేతిలో మొదలై ఈయన దగ్గరికి వచ్చింది. అందులోని ఒక పాత్ర తననే చూపిస్తోందంటూ రష్యన్ యువరాణి ఇరీనా యూసుపోవ్ లండన్‌లో పరువునష్టం దావా వేసి గెలిచారు. మన తెలుగు సినిమాల మొదట్లోనూ కనిపించే ‘పాత్రలన్నీ కల్పితం’ అన్న ప్రకటన వాడుకలోకి రావడానికి ఆ తీర్పే కారణమంటారు. తార గ్రేటా గార్బోతో ‘ది పెయింటెడ్ వెయిల్’, మార్లీన్ డీట్రిచ్‌తో రంగుల్లో ‘ది గార్డెన్ ఆఫ్ అల్లా’ తీశాడు. రెండోది కంటికి పండుగే గానీ మనసుకు అంతగా ఎక్కదు.

నాకు ఎక్కువ నచ్చింది ‘థియోడోరా గోస్ వైల్డ్’ (1936). చిన్న ఊళ్లో పద్ధతిగా బతుకుతూ, మారుపేరుతో రసవత్తరమైన నవల రాసిన యువతిగా ఐరీన్ డన్ చేసిన హాస్యం ఇప్పటికీ వాడిపోలేదు. హాస్యంలో ఆయన చెయ్యి కుదురుకున్నది అప్పుడే. 1937 జనవరిలో, ‘ది లాస్ట్ ఆఫ్ మిసెస్ చేనీ’ చిత్రీకరణ నడుస్తుండగా 47 ఏళ్లకే మరణించాడు. మిగిలిన పనిని ఇతరులు పూర్తి చేసినా దర్శకుడిగా తెరమీద ఆయన పేరే వేశారు.